మూడు కొలతలు చాలు, కానీ ఏ మూడు?

ఏడో తరగతి లెక్కల పుస్తకంలో త్రిభుజాల సర్వసమానత్వం పాఠం వచ్చేసరికి చాలామంది పిల్లలు నియమాలు బట్టీ పట్టడం మొదలుపెడతారు. భు-భు-భు, భు-కో-భు, కో-భు-కో, లం-క-భు. భు అంటే భుజం, కో అంటే కోణం, లం అంటే లంబకోణం, క అంటే కర్ణం. ఇంగ్లీషు మీడియం పిల్లలైతే ఎస్‌ఎస్‌ఎస్, ఎస్‌ఏఎస్, ఏఎస్‌ఏ, ఆర్‌హెచ్‌ఎస్. పరీక్షలో బొమ్మ చూసి నాలుగింట్లో ఏదో ఒకటి రాసి వస్తారు. మార్కులు కూడా పడతాయి. అయితే ‘భు-భు-కో ఎందుకు పనికిరాదమ్మా?’ అని అడిగితే మాత్రం నోరు పెగలదు. పై తరగతుల్లో నిరూపణలు మొదలైనప్పుడు ఈ బట్టీ అక్కరకు రాదు. జామెట్రీ అంటే భయం చాలామందికి అక్కడే పట్టుకుంటుంది.

ఈ అధ్యాయం అలాంటి పిల్లల పక్కన కూర్చుని చదివించే అమ్మానాన్నలకు, అక్కలకు, అన్నలకు. చిన్నప్పుడు ఈ పాఠాన్ని అర్థం కాకుండానే దాటేసి, ఇప్పుడైనా తెలుసుకుందామనుకునే పెద్దలకు కూడా. ఇందులో నేను చెప్పదలచుకున్నది ఒక్కటే. రెండు ఆకారాలు అచ్చం ఒకటేనని తేల్చేటప్పుడు ఎన్ని కొలతలు కలిశాయని లెక్కపెట్టకండి, ఏవి కలిశాయో చూడండి. తగినవి మూడు దొరికితే పని అయిపోతుంది. తగనివి ఐదు దొరికినా పని కాదు. ఇది నా మాట మీద నమ్మాల్సిన పని లేదు. ఒక స్కేలు, కంపాస్ బాక్సు, కత్తెర, కొన్ని పాత కాగితాలు, చీపురు నుంచి పది పుల్లలు దగ్గర పెట్టుకోండి. చేసి చూద్దాం.

ముందు పేర్చి చూడండి

ఒక ఆకారాన్ని ఇంకో ఆకారం మీద పెట్టినప్పుడు అంచుకు అంచు, మూలకు మూల కచ్చితంగా కలిసిపోతే ఆ రెండూ సర్వసమానాలు. పేర్చడానికి ఆకారాన్ని జరపవచ్చు, తిప్పవచ్చు, బోర్లించవచ్చు. సాగదీయకూడదు, కుదించకూడదు, వంచకూడదు. నియమాలన్నీ ఈ చిన్న మాటలోంచే పుట్టుకొస్తాయి.

పిల్లల చేతికి కొత్త నోట్లు ఇవ్వండి: ఒక వంద, ఒక రెండువందలు, రెండు ఐదువందలు. విడివిడిగా చూస్తే అన్నీ ఒకే సైజులా ఉంటాయి. ఎత్తు కూడా అన్నిటికీ 66 మిల్లీమీటర్లే. ఇప్పుడు ఎడమ అంచులు కలిపి పేర్చమనండి. వంద నోటు పొడవు 142 మి.మీ., రెండువందలది 146, ఐదువందలది 150. కుడి అంచుల్లో మెట్లు తేలతాయి. రెండు ఐదువందల నోట్లను పేరిస్తే మాత్రం ఏ మెట్టూ ఉండదు. కళ్లు కనిపించని వారికి నోటును వేళ్లతో గుర్తుపట్టడానికి ఈ పొడవు తేడా అక్కరకొస్తుంది. కంటికి ఆనని తేడా చేతికి దొరుకుతుందన్న సంగతి పిల్లలకు ఇక్కడే తెలియాలి.

తర్వాత బోర్లించడం. చాలామంది పిల్లలు తడబడేది ఇక్కడే. మూడు భుజాలూ వేర్వేరుగా ఉన్న ఒక త్రిభుజాన్ని కాగితంలో కత్తిరించి, దాని చుట్టూ గీత గీయండి. దాన్నే బోర్లించి పక్కన మళ్లీ గీయండి. రెండు బొమ్మలూ చూపించి ఒకటేనా అని అడిగితే ‘కాదు, ఇది అటు తిరిగి ఉంది’ అంటారు. కత్తిరించిన ముక్కను వాళ్ల చేతికే ఇచ్చి రెండింటి మీదా పెట్టమనండి. దర్జీ చొక్కాకు చేతులు కత్తిరించేటప్పుడు బట్టను రెండు మడతలు వేసి ఒకేసారి కత్తిరిస్తాడు. కుడి చెయ్యి, ఎడమ చెయ్యి ఒకదానికొకటి అద్దంలో బొమ్మలు. అయినా సర్వసమానాలే. ఆకారం ఏ రంగులో ఉంది, ఎటు తిరిగి ఉంది, పేజీలో ఎక్కడ ఉంది అన్న విషయాలు లెక్కలోకి రావు.

ఫోన్లో చెప్పే ఆట

ప్రతిసారీ కత్తిరించి పేర్చలేం. గోడలోని కిటికీని ఊడబెరికి అద్దాల దుకాణానికి మోసుకెళ్లలేం కదా. కొలతలు చెబుతాం. ‘ఈ కొలతలు చెబితే అవతలి మనిషి కచ్చితంగా ఇదే ఆకారం చేయగలడా?’ అన్న ప్రశ్నకు జవాబు వెతకడమే సర్వసమానత్వ పాఠం. దీన్ని ఇంట్లో ఆటలా ఆడించవచ్చు. ఒకరు ఒక గదిలో బొమ్మ గీసి, కొలతలు మాత్రమే ఫోన్లో చెప్పాలి. ఇంకొకరు వేరే గదిలో గీయాలి. చివరికి రెండు కాగితాలూ వెలుతురుకు ఎత్తి పట్టి, ఒకదాని మీద ఒకటి పెట్టి చూడాలి. తక్కువ కొలతలతో గెలిచినవాళ్లే మొనగాళ్లు.

వృత్తానికి వ్యాసార్థం ఒక్కటి చాలు. చతురస్రానికి ఒక భుజం చాలు. దీర్ఘచతురస్రానికి పొడవు, వెడల్పు రెండూ కావాలి. కోణానికి డిగ్రీలు చాలు, గీతల పొడవుతో పనిలేదు. పెద్ద గీతలతో గీసిన 40 డిగ్రీల కోణం చిన్న గీతలతో గీసిన 40 డిగ్రీల కోణం కంటే పెద్దదని చాలామంది పిల్లలు అనుకుంటారు. కోణమానిని పెట్టించి ఆ అపోహ అప్పుడే తీర్చేయండి.

ఆటలో ఎవరో ఒకరు వైశాల్యం చెబుదామంటారు. చెప్పనివ్వండి. 24 చదరపు సెంటీమీటర్లు అంటే ఒకరు 6, 4 కొలతలతో, ఇంకొకరు 8, 3 కొలతలతో దీర్ఘచతురస్రం గీస్తారు. వైశాల్యం ఒకటే, ఆకారాలు వేరు. చుట్టుకొలత కూడా కలిపి చెబితే? దీర్ఘచతురస్రానికి ఆ రెండూ చాలు, త్రిభుజానికి చాలవు. 20, 21, 29 సెం.మీ. భుజాల త్రిభుజం ఒకటి, 17, 25, 28 భుజాల త్రిభుజం ఇంకొకటి తీసుకోండి. రెండింటి చుట్టుకొలతా 70. రెండింటి వైశాల్యమూ 210 చదరపు సెంటీమీటర్లు. కానీ మొదటిదాంట్లో లంబకోణం ఉంది, రెండోదాంట్లో లేదు. ఎంత తిప్పినా బోర్లించినా ఒకదాని మీద ఒకటి కూర్చోవు. సర్వసమానాలైతే వైశాల్యాలు సమానం. వైశాల్యాలు సమానమైనంత మాత్రాన సర్వసమానాలు కావు. ఈ రెండు వాక్యాల తేడా పిల్లల మనసులో నాటుకోవాలి.

చీపురు పుల్లలు చెప్పే పాఠం

చీపురు పుల్లల నుంచి 6, 7, 9 సెంటీమీటర్ల ముక్కలు విరవండి. చివరలను కాస్త బంకమట్టితో అతికించి త్రిభుజం చేయమనండి. పక్కనున్న పిల్లకు కూడా అవే కొలతలతో మూడు ముక్కలివ్వండి. ఇద్దరూ ఒకరిది ఒకరు చూడకుండా చేసినా, చివరికి పేరిస్తే రెండూ కలిసిపోతాయి. తర్వాత నాలుగు సమానమైన పుల్లలతో చతురస్రం చేయించి, ఒక మూల మీద మెల్లగా నొక్కమనండి. చతురస్రం పక్కకు ఒరిగి సమచతుర్భుజమవుతుంది. పుల్లల పొడవు మారలేదు, ఆకారం మారిపోయింది. త్రిభుజాన్ని అలా నొక్కి చూడండి. పుల్ల విరగాలే తప్ప ఆకారం ఒరగదు.

భు-భు-భు నియమం అంటే ఇదే. మూడు భుజాల పొడవులు కుదిరాక త్రిభుజానికి ఇక వేరే దారి లేదు, కోణాలు వాటంతటవే కుదురుకుంటాయి. వడ్రంగి చెక్క గేటుకు ఒక మూల నుంచి ఎదురు మూలకు ఏటవాలు పట్టీ కొట్టేది ఇందుకే. ఆ పట్టీతో నాలుగు పలకల చట్రం రెండు త్రిభుజాలుగా మారి ఒరగకుండా నిలబడుతుంది. రేకుల షెడ్ల ఇనుప చట్రాల్లోనూ, రైలు వంతెనల మీదా వరసగా త్రిభుజాలు కనిపించేది ఈ కారణం వల్లే.

కంపాస్‌తో గీసినప్పుడు కారణం ఇంకా తేటపడుతుంది. 9 సెం.మీ. గీత గీయండి. ఒక చివర నుంచి 6, రెండో చివర నుంచి 7 సెం.మీ. చాపాలు గీస్తే అవి గీతకు పైన ఒకచోట, కింద ఒకచోట ఖండించుకుంటాయి. త్రిభుజాలు రెండు వచ్చాయనిపిస్తుంది. ఆ గీత మీద కాగితాన్ని మడవండి, రెండూ కలిసిపోతాయి. బోర్లించడం ఒప్పుకున్నాం కాబట్టి అవి సర్వసమానాలే.

కోణం ఎక్కడుందన్నదే కీలకం

ఫోన్ ఆటకే వద్దాం. రెండు భుజాలు, ఆ రెండింటి మధ్య కోణం చెబితే అవతలివాళ్లకు మిగిలేది మూడో భుజం గీయడమే. రెండు చివరలు కుదిరాక వాటిని కలిపే సరళరేఖ ఒక్కటే ఉంటుంది. అది భు-కో-భు. ఒక భుజం, దాని రెండు చివర్లలో కోణాలు చెబితే రెండు గీతలూ వెళ్లి ఒకేచోట కలుస్తాయి. అది కో-భు-కో. త్రిభుజంలో మూడు కోణాల మొత్తం 180 డిగ్రీలు కాబట్టి రెండు కోణాలు తెలిస్తే మూడోది తెలిసినట్టే. అందుకే భుజం ఆ కోణాల మధ్య లేకపోయినా పని జరుగుతుంది. ఏ కోణానికి ఎదురుగా ఉన్న భుజమో మాత్రం చెప్పాలి.

భు-భు-కో మాటేమిటి? ఈ ఒక్క బొమ్మ పిల్లల చేత తప్పకుండా గీయించండి. 12 సెం.మీ. అడ్డగీత గీసి ఎడమ చివరకు ఏ అని పేరు పెట్టండి. ఏ దగ్గర 30 డిగ్రీల కోణంతో పైకి గీత గీసి, దాని మీద 8 సెంటీమీటర్ల దూరంలో బీ గుర్తించండి. కంపాస్‌ను 5 సెంటీమీటర్లకు తెరిచి, ముల్లు బీ దగ్గర పెట్టి చాపం గీయండి. చాపం అడ్డగీతను రెండుచోట్ల తాకుతుంది. స్కేలుతో కొలిస్తే ఒకటి ఏ నుంచి సుమారు 3.9 సెం.మీ. దూరంలో, రెండోది సుమారు 9.9 సెం.మీ. దూరంలో ఉంటాయి. రెండు త్రిభుజాలు తయారయ్యాయి. రెండింట్లోనూ 30 డిగ్రీల కోణం ఉంది, 8 సెం.మీ. భుజం ఉంది, 5 సెం.మీ. భుజం ఉంది. ఒకటి పొట్టిది, ఒకటి పొడుగుది. కోణం రెండు భుజాల మధ్య లేకపోవడంతో 5 సెం.మీ. భుజానికి ఇటో అటో వాలే వీలు చిక్కింది. ఈ బొమ్మ సొంతంగా గీసిన పిల్ల భు-భు-కో నియమం ఎందుకు లేదో జీవితంలో మరచిపోదు.

ఆ కోణం 90 డిగ్రీలైతే కథ మారుతుంది. అడ్డగీతను ఏ నుంచి ఎడమవైపుకు కూడా పొడిగించి, కంపాస్‌ను 8 సెంటీమీటర్ల కంటే ఎక్కువ తెరిస్తే అప్పుడు కూడా చాపం రెండుచోట్ల తాకుతుంది, కానీ లంబానికి చెరోవైపు సమాన దూరంలో. వచ్చే రెండు త్రిభుజాలూ అద్దంలో బొమ్మలు, అంటే సర్వసమానాలు. లం-క-భు అని లంబకోణ త్రిభుజాలకు విడిగా నియమం ఉండటానికి కారణం ఇదే. దాన్ని నాలుగో నియమంగా బట్టీ పట్టించే ముందు ఈ బొమ్మ చూపించండి.

ఐదు కలిసినా చాలని సందర్భం

ప్రతి త్రిభుజానికీ మూడు భుజాలు, మూడు కోణాలు, మొత్తం ఆరు భాగాలు. ఆరింట్లో ఐదు సమానమైతే రెండు త్రిభుజాలూ ఒకటే అయి తీరాలని ఎవరికైనా అనిపిస్తుంది. అలా ఉండనక్కర్లేదు. ఒక త్రిభుజం భుజాలు 8, 12, 18 సెం.మీ. ఇంకొకదానివి 12, 18, 27. రెండోదాని ప్రతి భుజమూ మొదటిదానికి ఒకటిన్నర రెట్లు. కాబట్టి మూడు కోణాలూ సమానం. 12, 18 భుజాలు రెండింట్లోనూ ఉన్నాయి. ఐదు భాగాలు కలిశాయి. అయినా ఒకటి చిన్నది, ఒకటి పెద్దది.

పొరపాటు ఎక్కడుంది? మొదటి త్రిభుజంలో 12 మధ్య భుజం, రెండోదాంట్లో అన్నిటికంటే చిన్న భుజం. సమానమైనవి దొరికాయి కానీ వాటి చోట్లు కలవలేదు. జతగా నిలిచే వాటినే అనురూప భాగాలు అంటారు. పోల్చాల్సింది వాటినే. మూడు కోణాలు కలిసినంత మాత్రాన సర్వసమానత్వం రాదన్న సంగతి కూడా ఇక్కడే తేలిపోయింది. అలాంటివి సరూప త్రిభుజాలు, పోలిక మాత్రమే ఒకటి.

ఏబీసీ త్రిభుజం, పీక్యూఆర్ త్రిభుజం సర్వసమానాలు అని రాసేటప్పుడు అక్షరాల వరుస అంత ముఖ్యం కావడానికి కారణం ఇదే. ఏ మీద పీ, బీ మీద క్యూ, సీ మీద ఆర్ కూర్చుంటాయని ఆ వరుస చెబుతోంది. వరుస తప్పితే దాని కింద రాసే సమానత్వాలూ తప్పుతాయి. పిల్లలు జవాబు రాసే ముందు ఏది ఏ మూల మీద కూర్చుంటుందో వేలితో చూపించి చెప్పడం అలవాటు చేయండి.

వరుసలో ఎంత బలం ఉందో చూడాలంటే, అలెగ్జాండ్రియాకు చెందిన పాపస్ పేరుతో నిలిచిన ఒక నిరూపణ ఉంది. ఏబీసీ త్రిభుజంలో ఏబీ, ఏసీ భుజాలు సమానం. బీ, సీ కోణాలు సమానమని చూపాలి. కొత్త గీత ఏదీ అక్కర్లేదు. ఆ త్రిభుజాన్ని బోర్లించిన తన రూపంతోనే, అంటే ఏబీసీని ఏసీబీతో పోల్చండి. ఏబీ, ఏసీ సమానం. ఏసీ, ఏబీ సమానం. మధ్యలో ఏ కోణం రెండింటికీ ఒకటే. భు-కో-భు ప్రకారం అవి సర్వసమానాలు, కాబట్టి బీ కోణం సీ కోణానికి సమానం. మూడు వరుసల్లో అయిపోయింది. కాగితం త్రిభుజాన్ని నిజంగా బోర్లించి చూపిస్తే ఏడో తరగతి పిల్లలు కూడా హాయిగా అందుకుంటారు.

ఈ నియమాలను నిరూపణల క్రమంలో అమర్చినవాడు యూక్లిడ్. క్రీస్తుపూర్వం 300 ప్రాంతంలో ఆయన రాసిన ‘ఎలిమెంట్స్’ మొదటి భాగంలో నాలుగో సిద్ధాంతం భు-కో-భు, ఎనిమిదోది భు-భు-భు, ఇరవై ఆరోది కో-భు-కో. నాలుగోదాన్ని ఆయన నిరూపించిన తీరు మనం నోట్లతో చేసిన పనే: ఒక త్రిభుజాన్ని తీసుకెళ్లి ఇంకోదాని మీద పెట్టడం. 1899లో జర్మన్ గణిత శాస్త్రవేత్త హిల్బర్ట్ జామెట్రీ పునాదులను మళ్లీ పేర్చినప్పుడు, ఆ ‘మీద పెట్టడం’ మీద ఆధారపడకుండా భు-కో-భు సారాన్ని స్వీకృతాల్లోనే, అంటే నిరూపణ లేకుండా ఒప్పుకునే మాటల్లోనే చేర్చాడు.

మేస్త్రి టేపులోనూ, కాలవ గట్టునా

ఇల్లు కట్టడానికి ముగ్గు పోసేటప్పుడు మేస్త్రి ఏం చేస్తాడో పిల్లలకు దగ్గరుండి చూపించండి. 12 అడుగుల పొడవు, 10 అడుగుల వెడల్పు గది గుర్తుపెట్టాక, ఒక మూల నుంచి ఎదురు మూలకు టేపు పట్టి కొలుస్తాడు. మిగతా రెండు మూలల మధ్యా కొలుస్తాడు. రెండూ సుమారు 15 అడుగుల ఏడున్నర అంగుళాలు వస్తే గది సరిగ్గా ఉన్నట్టు, తేడా వస్తే చీపురు పుల్లల చతురస్రంలా ఒరిగినట్టు. ఇందులో దాగిన నియమం భు-భు-భు. ఎదురెదురు గోడలు సమానం, రెండు కర్ణాలు సమానం, అడుగు గోడ ఉమ్మడి. కాబట్టి ఆ గోడ మీద నిలిచే రెండు త్రిభుజాలూ సర్వసమానాలు, దాని రెండు చివర్ల కోణాలు సమానం. ఎదురెదురు గోడలు సమానమైతే ఆ రెండు కోణాల మొత్తం 180, కాబట్టి ఒక్కోటీ 90 డిగ్రీలు. 3, 4, 5 అడుగుల కొలతలతో మూలమట్టం తీయడం వెనకా ఉన్నది భు-భు-భు నియమమే.

ఇంకో పని ఆరుబయట చేయించండి, పెద్దవాళ్లు పక్కన ఉండి. పంట కాలవ వెడల్పు దాటకుండానే కొలవాలి. అవతలి గట్టున ఒక చెట్టును గుర్తుపెట్టుకుని దానికి సరిగ్గా ఎదురుగా ఇవతలి గట్టున నిలబడండి. గట్టు వెంట 20 అడుగులు వేసి ఒక కర్ర పాతండి. అదే దారిలో ఇంకో 20 అడుగులు వేసి ఆగండి. అక్కడ కాలవకు వీపు పెట్టి, గట్టుకు లంబంగా అడుగులు లెక్కపెట్టుకుంటూ నడవండి. మధ్యమధ్య వెనక్కి తిరిగి చూడండి. కర్ర, చెట్టు ఒకే వరుసలో కనిపించినచోట ఆగండి. ఆ నడిచిన అడుగులే కాలవ వెడల్పు. రెండు చోట్లా లంబకోణం, కర్రకు అటూ ఇటూ 20 అడుగులు, కర్ర దగ్గర శీర్షాభిముఖ కోణాలు సమానం. కో-భు-కో. సముద్రంలోని ఓడల దూరం చెప్పడానికి మిలేటస్ నగరపు థేలీస్ ఈ సిద్ధాంతాన్నే వాడి ఉండాలని గణిత చరిత్ర రాసిన యూడెమస్ చెప్పినట్టు, యూక్లిడ్‌కు వ్యాఖ్యానం రాసిన ప్రోక్లస్ పేర్కొన్నాడు. థేలీస్ క్రీస్తుపూర్వం ఆరో శతాబ్దపు మనిషి.

ఇంట్లో చదివించే క్రమం

1. మొదటి రోజుల్లో నియమాల పేర్లు ఎత్తవద్దు. కత్తిరించి పేర్చడం, ఫోన్ ఆట మాత్రమే.

2. తర్వాత పుల్లలతో, కంపాస్‌తో భు-భు-భు, భు-కో-భు, కో-భు-కో చేయించండి. చేశాకే పేరు చెప్పండి.

3. 8, 5 సెం.మీ., 30 డిగ్రీల బొమ్మ గీయించండి. 8, 12, 18 త్రిభుజాన్ని 12, 18, 27 త్రిభుజంతో పోల్చనివ్వండి. నియమాల హద్దులు ఎక్కడున్నాయో ఇవే నేర్పుతాయి.

4. లెక్క చేసేటప్పుడు మూడు ప్రశ్నలు అడగండి. ఏ భాగాలు సమానమని ఇచ్చారు? బొమ్మలో ఉమ్మడిగా ఉన్నదేమిటి? ఏ మూల ఏ మూల మీద కూర్చుంటుంది? రెండు త్రిభుజాలకు ఉమ్మడిగా ఉన్న భుజాన్ని మరచిపోవడం వల్లే చాలా లెక్కలు మధ్యలో ఆగిపోతాయి.

5. ‘చూస్తే తెలుస్తోంది కదా’ అన్న జవాబు ఒప్పుకోవద్దు. కోప్పడనూ వద్దు. ‘ఎలా తెలిసింది?’ అని అడగండి చాలు.

ఈ పాఠం ఇచ్చే అలవాటు లెక్కల దగ్గరే ఆగిపోదు. రెండు విషయాలు ఒకటేనని తీర్పు చెప్పే ముందు దేనితో దేన్ని పోలుస్తున్నామో, ఉన్న ఆధారం సరిపోతుందో లేదో చూసుకోవడం ఏ చదువుకైనా, ఏ వృత్తికైనా పునాది. బొమ్మ చూడగానే ‘సర్వసమానాలు’ అని రాసేసే పిల్లకంటే ‘ఇంకో కొలత కావాలి, ఇది సరిపోదు’ అని కలం ఆపే పిల్లకే జామెట్రీ వచ్చినట్టు. మీ పిల్లలు అలా ఆగినప్పుడు తొందరపెట్టకండి, మెచ్చుకోండి.